పెద్ద కందిరీగలు: ఏది ఏదో గుర్తుపట్టడం ఎలా? ఎప్పుడు వదిలేయాలి, ఎప్పుడు తప్పుకోవాలి?



ఈ పాఠం నేను రెండేళ్ల కిందటే రాయాల్సింది. అప్పట్లో రాసే ధైర్యం లేదు. ఎందుకంటే ఇందులో తప్పు నాది.

అక్టోబరు నెల, ఉదయం తొమ్మిది గంటలప్పుడు. మా పామాయిల్ తోటలో కోకో మొక్కల మధ్య గడ్డి కోయిస్తున్నాం. నాతో పదేళ్లుగా పనిచేస్తున్న పెద్దాయన ఒకరున్నారు. నేను ఆయన్ని బాబాయ్ అంటాను. మిషన్ స్టార్ట్ చేసే ముందు ఆయన నన్ను పిలిచి, "అబ్బాయ్, ఆ మూల పొదల దగ్గర పెద్ద కందిరీగలు తిరుగుతున్నాయి. ఈ రోజుకి ఆ మూల వదిలేద్దామా?" అని అడిగారు.

నేను అగ్రికల్చర్ డిప్లొమా చదివినవాణ్ణి. ప్రకృతి వ్యవసాయం మొదలుపెట్టాక మిత్ర పురుగుల గురించి ఊరూరా చెప్పినవాణ్ణి. అక్కడికి వెళ్లి చూడకుండానే, "ఏం కాదు బాబాయ్, అవి మిత్ర పురుగులే. మనం వాటి జోలికి పోకపోతే అవీ మన జోలికి రావు" అన్నాను.

గడ్డి మిషన్ ఆ పొద దగ్గరికి వెళ్లిన రెండు నిమిషాలకే అరుపు వినిపించింది. మోకాలెత్తులో, కోకో ఆకుల మధ్య పుచ్చకాయంత గూడు ఉంది. ఆయన మెడ మీద, ముఖం మీద, చేతుల మీద పదకొండు చోట్ల కుట్టాయి. ఆ తర్వాత ఏం జరిగిందో చివర్లో చెబుతాను. ముందు ఆ రోజు నాకు తెలిసి ఉండాల్సిన విషయాలు చెప్పుకుందాం.

ఒకే మాటలో చెప్పాలంటే ఇది: పురుగు మిత్రుడే కావచ్చు, కానీ గూడు మిత్రుడు కాదు. పురుగు రంగు చూసి ఊరుకోకూడదు. అది ఎక్కడి నుంచి వస్తోంది, ఎక్కడికి పోతోంది అనేది చూడాలి.

1. అసలు అది కందిరీగేనా?

మన ఊళ్లలో పెద్దగా ఉండి, గుయ్ మంటూ ఎగిరే ప్రతిదాన్నీ కందిరీగే అంటాం. అందులో మొదట రెండింటిని పక్కన పెట్టేయండి.

ఒకటి తుమ్మెద. లావుగా, నల్లగా నిగనిగలాడుతూ, రెక్కలు నీలంగా మెరుస్తూ ఉంటుంది. ఎండు వెదుళ్లలో, పాత దూలాల్లో గుండ్రటి బొక్క పెట్టి లోపల గుడ్లు పెడుతుంది. చూడ్డానికి భయంగా ఉంటుంది గానీ చేత్తో పట్టుకుంటే తప్ప కుట్టదు. పూలకు పరాగసంపర్కం చేస్తుంది. దీన్ని చంపితే నష్టం మనకే.

రెండోది కొండ తేనెటీగ. రావి చెట్టు కొమ్మకో, వాటర్ ట్యాంకు కిందో వేలాడే పెద్ద తేనెపట్టు దీనిదే. పట్టు మీద ఈగలు పొరలు పొరలుగా, కప్పినట్టు ఉంటాయి. ఇది కందిరీగ కాదు గానీ ప్రమాదంలో దానికి ఏమాత్రం తీసిపోదు. తేనెతుట్టెను కదిపినట్టు అనే మాట ఊరికే రాలేదు.

కందిరీగకీ తేనెటీగకీ తేడా సులువే. తేనెటీగ ఒంటి మీద నూగు ఉంటుంది, నడుము లావుగా కనిపిస్తుంది. కందిరీగ ఒళ్లు నున్నగా ఉంటుంది. నడుము దారం కట్టినట్టు సన్నగా ఉంటుంది.

2. ఒంటరి కందిరీగలు: భయం అక్కర్లేదు

కందిరీగల్లో ఎక్కువ రకాలు ఒంటరివే. వీటికి కాపలా కాసే సైన్యం ఉండదు. ఒక ఆడ పురుగు, అది కట్టుకున్న గూడు, అంతే. కాబట్టి గూటి దగ్గరికి వెళ్లినా మీద పడవు.

తలుపు మూలల్లో, మోటారు షెడ్డు గోడల మీద మట్టి ముద్దలు అతికించినట్టు గూళ్లు చూసే ఉంటారు. కొన్ని చిన్న కుండల్లా ముద్దుగా ఉంటాయి. కుండ కట్టే రకం గొంగళి పురుగులను పట్టి తెస్తుంది. పొడుగాటి మట్టి గొట్టాలు కట్టే రకం సాలీళ్లను తెస్తుంది. కొండితో పొడిచి వాటిని చచ్చుబడేలా చేసి, లోపల పెట్టి, వాటితో పాటు గుడ్డు పెట్టి మూత మూసేస్తుంది. గుడ్డు నుంచి వచ్చిన పిల్ల ఆ పురుగును తిని పెరుగుతుంది.

మన పెద్దవాళ్లు చెప్పే భ్రమర కీటక న్యాయం ఇదే. భ్రమరం కీటకాన్ని గూట్లో పెట్టి చుట్టూ ఝుంకారం చేస్తుంటే, ఆ కీటకం కూడా భ్రమరంగా మారిపోతుందని చెబుతారు. వేదాంతంలో గొప్ప పోలికే. పొలంలో జరిగేది మాత్రం వేరు. లోపలికి వెళ్లిన గొంగళి ఆహారం అయిపోయింది. బయటికి వచ్చింది కందిరీగ బిడ్డ. మన లెక్కలో చెప్పాలంటే ఒక్కో మట్టి కుండకీ కొన్ని పురుగులు తగ్గాయన్నమాట.

ఇంకో రకం ఉంది. రెండు అంగుళాల దాకా పెరిగి, నల్లటి ఒళ్లు, నీలంగా మెరిసే రెక్కలతో పేడ దిబ్బ మీద, కుళ్లిన కొబ్బరి మొద్దుల దగ్గర నేలకు దగ్గరగా గుండ్రంగా తిరుగుతుంటుంది. ఇది మట్టిలోకి తవ్వుకుంటూ వెళ్లి, కొమ్ము పురుగు లాంటి పెంకు పురుగుల పిల్లల మీద గుడ్డు పెడుతుంది. కొబ్బరి, పామాయిల్ రైతులకు కొమ్ము పురుగు ఎంత నష్టం చేస్తుందో చెప్పక్కర్లేదు. ఈ నల్ల కందిరీగ సైజు చూసి చెప్పుతో కొట్టేవాళ్లని చాలామందిని చూశాను. దయచేసి కొట్టకండి.

3. గొడుగు గూడు కందిరీగలు: కాస్త జాగ్రత్త

ఇవి సన్నగా, పొడుగ్గా ఉంటాయి. ఎగిరేటప్పుడు వెనక కాళ్లు కిందికి వేలాడుతుంటాయి. గూడు తిరగేసిన గొడుగులాగో, తామర కాయలాగో ఉంటుంది. ముఖ్యమైన గుర్తు: గదులు కింద నుంచి తెరిచే కనిపిస్తాయి, పైన తొడుగు ఉండదు. చూరు కింద, బోరు బాక్సు లోపల, నిమ్మ చెట్టు కొమ్మల్లో కడతాయి.

వీటిలో రొపాలీడియా మార్జినాటా అనే రకం మన దక్షిణాదిలో బాగా కనిపిస్తుంది. బెంగళూరు ఇండియన్ ఇన్‌స్టిట్యూట్ ఆఫ్ సైన్స్‌లో ప్రొఫెసర్ రాఘవేంద్ర గదగ్కర్ దశాబ్దాల పాటు దీని మీదే పరిశోధన చేశారు. ఈ గూట్లో రాణి చాలా నెమ్మదస్తురాలు, ఎవరి మీదా పెత్తనం చేయదు. రాణి పోతే మాత్రం కూలీల్లో ఒకటి వెంటనే దూకుడుగా మారి, తర్వాతి రాణి అవుతుంది.

గొడుగు గూడులో సాధారణంగా పదుల్లోనే ఉంటాయి. గూడు ముట్టుకుంటే కుడతాయి, లేకపోతే వాటి పని అవి చేసుకుంటాయి. వంగ, టమాటా, మొక్కజొన్నలో లద్దె పురుగులను పట్టి, నమిలి ఉండ చేసి పిల్లలకు తీసుకెళ్తాయి. మనుషులు చెయ్యి పెట్టని చోట ఉంటే వదిలేయండి.

4. కాగితం బంతి గూడు: ఇక్కడ ఆగిపోవాలి

ఇంగ్లీషులో హార్నెట్ అంటారు. మన భాషలో పెద్ద కందిరీగ. సుమారు రెండున్నర సెంటీమీటర్ల పొడవు, దిట్టమైన ఒళ్లు, వెడల్పాటి తల. ఎగిరితే బరువైన మోత వినిపిస్తుంది. మన వైపు రెండు రకాలు గుర్తుపెట్టుకుంటే చాలు.

మొదటిది వెస్పా అఫినిస్. పొట్ట ముందు భాగం, అంటే నడుము దగ్గర నుంచే, పసుపు లేదా నారింజ రంగు మొదలవుతుంది. వెనక సగం నలుపు. బాబాయ్‌ని కుట్టింది ఇదే. దీని గూడు చెట్లలో, పొదల్లో, ఇంటి చూరుల్లో వేలాడుతుంది. ఎండు కట్టెను నమిలి చేసిన కాగితంతో బంతిలా చుట్టేసి, మీద గోధుమ, బూడిద రంగు చారలు అలలు అలలుగా ఉంటాయి. లోపలి గదులు కనిపించవు. లోపలికీ బయటికీ ఒక్కటే రంధ్రం.

రెండోది వెస్పా ట్రాపికా. దీనికి నడుము దగ్గర ముదురు రంగే ఉంటుంది, ఆ తర్వాత ఒక్కటే వెడల్పాటి పసుపు పట్టీ, మళ్లీ నలుపు. ఇది ఎక్కువగా నేల బొరియల్లో, చెట్టు తొర్రల్లో, మూసుకుపోయిన చోట్ల గూడు పెడుతుంది. దీని ముఖ్యమైన వేట ఏమిటో తెలుసా? మనం పైన చెప్పుకున్న గొడుగు గూళ్లు. ఒక్కటి వచ్చి వాలితే చాలు, ఆ చిన్న కందిరీగలు గూడు వదిలేసి పారిపోతాయి. ఇది తీరిగ్గా గదులు తెరిచి పిల్లలను తినేస్తుంది.

మూడోది వెస్పా ఓరియంటాలిస్. పొడి వాతావరణం ఉండే చోట్ల కనిపిస్తుంది. ఒళ్లంతా ఎర్రటి గోధుమ రంగు, పొట్ట వెనక భాగంలో పసుపు పట్టీలు, ముఖం పసుపు. తేనె పెట్టెలకు ఇది బాగా ఇబ్బంది పెడుతుంది.

ఇక వాట్సాప్‌లో తిరిగే "మర్డర్ హార్నెట్" వీడియోల సంగతి. అది వెస్పా మాండరీనియా. ప్రపంచంలోనే పెద్ద హార్నెట్ అది, రాణి దాదాపు 5 సెంటీమీటర్లు ఉంటుంది. తూర్పు ఆసియాలో, మన దేశంలో హిమాలయాల వైపు ఉంటుంది. 2019లో అమెరికాలోని వాషింగ్టన్ రాష్ట్రంలో బయటపడింది. గూళ్లు వెతికి తీసేసి, 2024 డిసెంబరులో అక్కడ అది లేదని ప్రకటించారు. మన పామాయిల్ తోటల్లో తిరిగేది అది కాదు. ఆ వీడియో చూసి భయపడి, మన దగ్గర ఉన్నదాన్ని తేలిగ్గా తీసుకోవడమే అసలు ప్రమాదం.

వీడియోలో ఈ మూడు రకాల గూళ్లనూ పక్కపక్కన పెట్టి చూపించాను. ఫోన్లో జూమ్ చేసి దూరం నుంచే తీశాను. మీరూ అలాగే చూడండి.

5. అవి ఎందుకు మీద పడతాయి?

పూల మీద, పండ్ల మీద, నీళ్ల దగ్గర ఒంటరిగా కనిపించే పెద్ద కందిరీగ మన మీదికి రాదు. దానికి అక్కడ కాపాడుకోవాల్సింది ఏమీ లేదు. గూటి దగ్గర సంగతి వేరు. లోపల పిల్లలు ఉన్నాయి.

వాటిని రెచ్చగొట్టేవి ఇవి: గడ్డి మిషన్, ట్రాక్టర్, పవర్ స్ప్రేయర్ల అదురు. గూడు ఉన్న కొమ్మను కదపడం. గూటి రంధ్రానికి ఎదురుగా నిలబడటం. గూటి దగ్గర ఒకదాన్ని నలిపి చంపడం. విషంలో ఉండే వాసన మిగతావాటికి పిలుపు లాంటిది. ఒకటి కుట్టిన చోటుకే ఇంకో పది వస్తాయి.

కుట్టేవి ఆడవి మాత్రమే. గుడ్లు పెట్టే అవయవమే కొండిగా మారింది కాబట్టి మగవాటికి కొండి ఉండదు. తేనెటీగ కుడితే ముల్లు మన ఒంట్లో ఉండిపోయి అది చచ్చిపోతుంది. కందిరీగ ముల్లు ఊడదు. ఒక్కటే ఎన్నిసార్లైనా కుట్టగలదు.

కాలం కూడా గుర్తుంచుకోండి. మొదట రాణి ఒక్కతే నిమ్మకాయంత గూడు మొదలుపెడుతుంది. కూలీలు పుట్టాక అది వేగంగా పెరుగుతుంది. మా తోటలో గమనించిందేమిటంటే, వానలు మొదలయ్యాక కనిపించకుండా పెరిగి, దసరా, దీపావళి నాటికి పెద్ద గూళ్లవుతాయి. సరిగ్గా మనం గడ్డి కోయించే సమయం అదే.

6. జీవామృతం డ్రమ్ము దగ్గరికి ఎందుకు వస్తాయి?

చాలామంది అడిగే ప్రశ్న ఇది. పెద్ద కందిరీగ తన కోసం మాంసం తినదు. సన్న నడుము లోంచి గట్టి ఆహారం దిగదు. పురుగులను పట్టి ఉండ చేసి పిల్లలకు పెడుతుంది. పిల్లలు తిరిగి తియ్యటి ద్రవం ఇస్తాయి. మిగతా తీపి బయట వెతుక్కుంటుంది: పూల తేనె, మగ్గిన మామిడి, కల్లు ముంత, మన డ్రమ్ములో బెల్లం. కాబట్టి డ్రమ్ముకి గోనె సంచి గట్టిగా కట్టండి, బెల్లం గిన్నె వెంటనే కడగండి, రాలిన పండ్లు ఏరేయండి. డ్రమ్ములో చెయ్యి పెట్టే ముందు ఒకసారి చూసుకోండి.

తేనె పెట్టెలు ఉన్నవాళ్లు గుమ్మం రంధ్రాన్ని తేనెటీగ దూరేంత సన్నంగా చేయండి. మన పుట్ట తేనెటీగలకు సొంత యుద్ధం కూడా తెలుసు. లోపలికి వచ్చిన హార్నెట్ చుట్టూ వందల ఈగలు ఉండలా మూగి, ఒళ్లు వేడెక్కిస్తాయి. జపాన్‌లో కొలిచి చూస్తే ఆ ఉండ లోపల వేడి 46 డిగ్రీల దాకా వెళ్లింది. హార్నెట్ చస్తుంది, తేనెటీగలు బతుకుతాయి. అయినా రోజూ దాడి జరిగితే చిన్న కుటుంబం తట్టుకోలేదు. పెట్టెను చోటు మార్చాలి.

7. గూడు కనిపిస్తే ఏం చేయాలి?

పనికి ముందు ఐదు నిమిషాలు నిలబడి చూడండి. పెద్ద కందిరీగలు ఒకే దారిలో వస్తూ పోతూ ఉంటే ఆ దారి చివర గూడు ఉన్నట్టే. దగ్గరికి వెళ్లకండి.

గూటికి అన్ని వైపులా 30 అడుగుల దూరంలో కర్రలు పాతి ఎర్ర గుడ్డ కట్టండి. మిషన్లైతే కనీసం 60 అడుగుల దూరం పెట్టండి. ఇది నేను పాటించే లెక్క. పనికి వచ్చే ప్రతి ఒక్కరికీ, కొత్తగా వచ్చిన కూలీలకు కూడా, చెప్పాకే పని మొదలుపెట్టండి.

దారికి, ఇంటికి, బడికి, బోరుకి దూరంగా ఉంటే వదిలేయండి. కాలం అయిపోయాక ఖాళీ అవుతుంది.

మనుషులు తిరిగే చోట ఉంటే అనుభవం ఉన్నవాళ్లతో, ఒళ్లంతా కప్పే దుస్తులతోనే తీయించాలి. పెట్రోలు పోసి తగలబెట్టడం వద్దు. ఎండు మట్టల మధ్య ఆ మంట తోటనే తీసుకుపోతుంది. రాళ్లు వేయడం వద్దు. రాత్రి టార్చ్ పట్టుకుని వెళ్లడం వద్దు, వెలుగు వైపే వస్తాయి. అగ్నిఅస్త్రం కొడితే పోతాయా అని అడుగుతున్నారు. పోవు, రెచ్చిపోతాయి.

మీద పడితే చేతులు ఊపకండి. ముఖం, మెడ కప్పుకుని తిన్నగా, దూరంగా పరిగెత్తి గదిలోకో ఆటోలోకో వెళ్లి తలుపు వేయండి. బావిలోకి దూకకండి.

8. కుడితే

ఒకటి రెండు చోట్ల కుట్టి, అక్కడే వాపు, నొప్పి ఉంటే సబ్బుతో కడిగి, చల్లటి గుడ్డ పెట్టండి. ఉంగరాలు, కడియాలు వెంటనే తీసేయండి.

ఈ లక్షణాల్లో ఏ ఒక్కటి కనిపించినా వెంటనే 108కి ఫోన్ చేయండి: ఒళ్లంతా దద్దుర్లు, పెదవులు లేదా నాలుక వాపు, గొంతు బొంగురు పోవడం, ఊపిరి ఆడకపోవడం, కళ్లు తిరగడం, వాంతులు. ఒక్కటి కుట్టినా కొందరికి ఇలా అవుతుంది. దీనికి మందు ఆసుపత్రిలో తొడకు వేసే అడ్రినలిన్ ఇంజెక్షన్. మనిషిని పడుకోబెట్టి కాళ్లు ఎత్తుగా పెట్టండి. ఆయాసంగా ఉంటే ఆనించి కూర్చోబెట్టండి. నడిపించకండి.

చాలా చోట్ల కుడితే పైకి బాగానే ఉన్నా ఆసుపత్రికి వెళ్లాలి. ఒకటి రెండు రోజుల తర్వాత కూడా కిడ్నీల మీద దెబ్బ పడొచ్చు. మూత్రం తగ్గినా, ముదురు రంగులో వచ్చినా ఆలస్యం చేయకండి.

ఇప్పుడు బాబాయ్ సంగతి. గట్టు మీద కూర్చోబెట్టి ఒకరు సున్నం అన్నారు, ఒకరు ఇనుప ముక్క రుద్దమన్నారు. నేనూ సున్నం కోసం ఇంటికి పరిగెత్తాను. అలా పది నిమిషాలు పోయాయి. వచ్చేసరికి ఆయన ఒళ్లంతా దద్దుర్లు, మాట సరిగ్గా రావట్లేదు. ఆటోలో ప్రాథమిక ఆరోగ్య కేంద్రానికి తీసుకెళ్లాం. ఇంజెక్షన్ వేశాక ఊపిరి కుదుటపడింది. అక్కడి నుంచి పెద్దాసుపత్రికి పంపి రెండు రోజులు ఉంచారు. ఇంకొంచెం ఆలస్యమైతే కష్టమయ్యేదని డాక్టరు గారు నా ముఖం మీదే చెప్పారు. మళ్లీ కుడితే ఇంతకంటే ఎక్కువ కావచ్చు, జాగ్రత్త అన్నారు.

ఆసుపత్రి వరండాలో పిన్ని నన్ను ఒకటే అడిగింది. "అవి మంచి పురుగులని నువ్వే చెప్పావంట కదా అబ్బాయ్?"

నా దగ్గర జవాబు లేదు. మిత్ర పురుగులు అని బోర్డు రాసి, ఫోటో పెట్టి, ఊరూరా చెప్పాను. ఆ మిత్రుడు ఎంత దూరం వరకు మిత్రుడో చెప్పలేదు. మిషన్ పట్టుకునేది నేను కాదు కదా. ఆ మాటకి ధర కట్టింది ఆయన.

ఆసుపత్రి ఖర్చు, పనిలేని రోజుల కూలి నేనే పెట్టుకున్నాను. అది గొప్ప కాదు, బాధ్యత. ఇప్పుడు మా తోటలో నియమం ఒకటే: పనిచేసేవాళ్లలో ఎవరైనా "అక్కడ ఏదో తిరుగుతోంది" అంటే ఆ మూల పని ఆగుతుంది. నేను వెళ్లి చూశాకే మళ్లీ మొదలు.

బాబాయ్ ఇప్పుడూ మాతోనే ఉన్నారు. గడ్డి మిషన్ పట్టుకోవట్లేదు. వానలు తగ్గాక ఎర్ర గుడ్డలు, కర్రలు తీసుకుని తోటంతా ఒక చుట్టు తిరిగేది ఆయనే. ఈ ఏడు మూడు గూళ్లు గుర్తుపట్టారు. మూడూ అలాగే ఉన్నాయి, వాటి పని అవి చేసుకుంటున్నాయి. మా పని మేం చేసుకుంటున్నాం.

మీరు కూడా రేపు పని మొదలుపెట్టే ముందు ఆ ఐదు నిమిషాలు నిలబడి చూడండి. మీ దగ్గర పనిచేసేవాళ్లకి ఈ వీడియో చూపించండి. వచ్చే పాఠంలో మట్టి కుండ కందిరీగలను తోటలోకి ఎలా రప్పించుకోవాలో చెప్పుకుందాం. ఉంటాను.